చెరిపేసిన ఆట

మెదక్ రాందాస్ చౌరస్తాలో పంక్చర్లు వేసే రఘుపతికి ఓటమంటే ఒంటికి కారం రాసుకున్నట్టుండేది. చేతిలో పట్టుకుని ఆడే వీడియోగేమ్‌లో భార్య యాదలక్ష్మి అతన్ని దాటి చాలా దూరం పోయింది. ఆమె ఏడుపాయల జాతరకు వెళ్లిన రోజు, సేవ్ చేసి ఉన్న ఇద్దరి ఆటలూ చెరిపేశాడు.

తిరిగొచ్చిన ఆమె ప్రసాదం ముందు అతని చేతిలోనే పెట్టింది.

"గేమ్ ఖరాబైంది. మళ్ల మొదటి నుంచి ఆడుదాం," అన్నాడు, ఆమె మొహం చూడలేక.

"గట్లనే," అంది.

ఆమెకు ఆటలో దారంతా గుర్తే. అయినా ప్రతి గేటు దగ్గరా ఆగి, అతను దాటాకే తాను దాటేది. "ఆ గోడ ఎనుక తాళంచెవి ఉంటది, తీస్కో," అని చెప్పేది కూడా. అప్పుడల్లా అతనికి సిగ్గుతో చెవులు వేడెక్కేవి.

ఆఖరి గేటు కూడా అతనే ముందు దాటాడు. యాదలక్ష్మి చప్పట్లు కొట్టి, మెల్లగా అడిగింది: "ఇగ నాది చెరపవు గద?"