అరవై పైసల వడ్డీ

నేను ఎనిమిదో తరగతి పిల్లలకు లెక్కలు చెబుతాను. బారువడ్డీ, చక్రవడ్డీ పాఠం ఇప్పటికి ఇరవైసార్లు చెప్పి ఉంటాను. పుస్తకం ముట్టుకోకుండా చెప్పగలను. అలాంటిదాన్ని నా ఇంటి అప్పు దగ్గరే పప్పులో కాలేశానంటే ఎవరికైనా నవ్వొస్తుంది. నవ్వుకోండి. నన్ను ముంచింది ఎవరో విన్నాక మాత్రం అంత నవ్వు రాదు.

మా వైపు వడ్డీని శాతాల్లో మాట్లాడుకోరు. నూటికి నెలకి ఎంత అన్నదే మాట. రూపాయి వడ్డీ అంటే వందకి నెలకి ఒక రూపాయి. రెండు రూపాయలంటే తీసుకున్నవాడు ఏదో ఇరకాటంలో ఉన్నాడని అర్థం. నాకు శాతాలు బళ్ళో వచ్చాయి గానీ రూపాయి వడ్డీ ఇంట్లోనే వచ్చింది. బాపట్లలో మా నాన్న బట్టల కొట్లో గుమాస్తా. మాకు ఒక అద్దె ఇల్లూ ఒక అప్పూ ఎప్పుడూ ఉండేవి. ఇళ్ళు మాత్రం మారేవి. నాకు తెలిసి తొమ్మిది మారాం. ఒకసారి ఇంటివాళ్ళ అబ్బాయి పెళ్ళని పది రోజుల్లో ఖాళీ చేయమన్నారు. ఆవకాయ జాడీ ఒళ్ళో పెట్టుకుని రిక్షాలో కూర్చున్నాను. మా తమ్ముడు నా భుజం మీద తల పెట్టి నిద్రపోయాడు. వాడికి రెండేళ్ళు, నాకు తొమ్మిది. జాడీ జారుతుందో, వీడు జారతాడో అని దారంతా భయమే.

నాన్నకి అప్పిచ్చిన పెద్దాయన మూడేళ్ళకోసారి మా ఇంటికొచ్చేవాడు. మూడేళ్ళు దాటితే ప్రోనోటు చెల్లదు కాబట్టి తిరగరాయాలి. మంచం మీద కూర్చుని, అమ్మ ఇచ్చిన కాఫీ తాగి, అప్పుడు మెల్లగా మొదలుపెట్టేవాడు.

"వడ్డీ ఓ పావలా పెంచాలయ్యా. రోజులు అట్టా ఉన్నాయి."

"పావలా అంటే ఎట్టా బాబాయ్? పది పైసలు చెయ్యండి."

కాసేపు బతిమాలుకోవడం అయ్యేది. తర్వాత పెద్దాయన నోటు పైకి చదివేవాడు, నాన్న స్టాంపు మీద సంతకం పెట్టేవాడు. మధ్యలో ఎప్పుడైనా నాన్న కొంత సొమ్ము కడితే ఆ నోటు వెనకే చెల్లు రాసేవాడు. ఆ రోజు నుంచి అంత మేరకు వడ్డీ ఆగిపోయేది. ఇదంతా చూస్తూ పెరిగిన నా బుర్రలో ఒక మాట పాతుకుపోయింది. వడ్డీ పెంచాలంటే అప్పిచ్చినవాడు మన గుమ్మం తొక్కాలి, మన మొహం చూడాలి, మన చేత సంతకం పెట్టించుకోవాలి. ఇన్ని లెక్కలు చదివినా ఆ మాట కదల్లేదు.

నాకు రేపల్లెలో ఉద్యోగం, తెనాలిలో కాపురం. కాపురమంటే నేనొక్కదాన్నే. పెళ్ళి ఎందుకు చేసుకోలేదని అడిగేవాళ్ళు కూడా అడిగీ అడిగీ మానేశారు. రోజూ రేపల్లె రైలెక్కి వెళ్ళి సాయంత్రానికి తిరిగొస్తాను. నలభై ఒకటో ఏట ధైర్యం చేసి తెనాలిలో ఒక చిన్న ఫ్లాట్ చూసుకున్నాను. పాతిక లక్షలు అప్పు కావాలి.

మా తమ్ముడు బాపట్లలో ఉంటాడు. బ్యాంకులకు లోన్లు, పాలసీలు కుదిర్చిపెట్టే ఏజెంటు. ఇంక నేను బయటివాళ్ళ దగ్గరికి పోతానా? వాడు ఎగిరి గంతేసినంత పని చేశాడు.

"అక్కా, ఏడు పాయింట్ రెండు! అంటే నూటికి అరవై పైసలే. నాన్న బతికుంటే నమ్మేవాడా? ఎవడిస్తాడే నీకు అరవై పైసలకి?"

నిజమే, ఎవడిస్తాడు? రూపాయిన్నర వడ్డీలు చూసిన ఇంట్లో పుట్టిన నాకు అరవై పైసలంటే ఊరికే ఇచ్చినట్టే అనిపించింది. పాతిక లక్షలకు అరవై పైసలంటే నెలకి పదిహేను వేలు ఒట్టి వడ్డీకే పోతుందని నోటి లెక్కలో తేలేదే. వేశాను కూడా. వేసి, పైసలు చూసి మురిసిపోయాను. నెలకి పంతొమ్మిది వేల ఆరు వందల ఎనభై నాలుగు, ఇరవై ఏళ్ళు. మొత్తం నలభై ఏడు లక్షల చిల్లర. ఇల్లు నాదవుతుంది కదా అని సర్దుకున్నాను.

నేను పట్టుబట్టింది ఒక్కదానికే. "అరవై రెండుకి నా రిటైర్‌మెంటు. అరవై ఒకటి వచ్చేసరికి అప్పు అయిపోవాలిరా. మాది పాత పెన్షన్ కాదు. ఆ తర్వాత నా చేతిలో ఎంతుంటుందో నాకే తెలీదు. మళ్ళీ ఇంకో ఇల్లు వెతుక్కునే ఓపిక నాకు లేదు."

"అది నా పూచీ అక్కా," అన్నాడు.

బ్యాంకులో కాగితాల దొంతర పెట్టారు. తమ్ముడు పెన్సిల్‌తో గుర్తులు పెట్టిన చోటల్లా సంతకాలు చేసుకుంటూ పోయాను. రేటు మారుతూ ఉంటుందని వాటిలో ఇంగ్లీషులో స్పష్టంగానే రాసి ఉంది. ఆ సంగతి తర్వాత చూశాను. ఫోన్ నంబరు అడిగినచోట వాడు తన నంబరు వేశాడు. "క్లాసులో ఉండగా వీళ్ళ ఫోన్లు నీకెందుకు, నేను చూసుకుంటాలే." ఎంత బాధ్యత తెలిసినవాడో అనుకున్నాను. నా మొహం!

గృహప్రవేశం రోజున అమ్మ బతికి ఉంటే బాగుండునని ఏడ్చాను. పక్కన నిలబడి వాడూ ఏడ్చాడు. అది దొంగ ఏడుపని ఇప్పటికీ అనలేను.

రెండేళ్ళు గడిచాయి. ఒక ఆదివారం వాడు బాపట్ల నుంచి వంజరం చేప ముక్కలు శుభ్రం చేయించి కవర్లో పెట్టి తెచ్చాడు. అన్నం తింటూ మాట తీశాడు. "నీ ఈఎంఐ ఏమీ పెరగలేదుగా అక్కా. జీతం పెరిగింది. నెలకో మూడు వేలు ఊరికే ఖర్చైపోతాయి. పాలసీలో వేసుకో, నీకే రేపు అక్కరకొస్తుంది." చేపల పులుసు కలుపుకుంటూ సరేనన్నాను. మర్నాడే సంతకం. అప్పటి నుంచి నెలకి మూడు వేలు నా జీతంలోంచి పోతూ వచ్చాయి.

ఈఎంఐ నిజంగానే పైసా పెరగలేదు. అదే నన్ను నిద్రపుచ్చింది. ఏడాదికోసారి టాక్స్ లెక్కల వేళకి బ్యాంకు ఇచ్చే సర్టిఫికెట్ వాడే వాట్సాప్‌లో పంపేవాడు. నేను తెరవకుండా మా బళ్ళో అందరి టాక్స్ లెక్కలూ చూసే మాస్టారికి పంపించేసేదాన్ని. ఒక్కసారి తెరిచి చూసినా తెలిసిపోయేది. తెరవలేదు, ఆ తప్పు నాదే.

ఐదేళ్ళు నిండేసరికి నేను వేసిన చీటీ నా పేర వచ్చింది. మూడు లక్షలు. స్టాఫ్ రూములో కూర్చుని లెక్క వేశాను. ఇరవై ఏళ్ళకి రెండు వందల నలభై నెలలు, అరవై అయిపోయాయి, మిగిలింది నూట ఎనభై. ఈ మూడు లక్షలూ అసలు కింద పడితే నూట నలభైకి దిగుతుంది. అంటే యాభై ఎనిమిది నిండకముందే ఇల్లు నాది. సంతోషం పట్టలేక పక్కనున్న సైన్సు టీచర్‌కి కాగితం చూపించాను.

తమ్ముడికి ఫోన్ చేశాను. "నేనొచ్చాక కడదాం అక్కా, తొందరేముంది?" అన్నాడు. వారం తర్వాత చేశాను, మళ్ళీ అదే మాట. నాలుగోసారి కూడా అలాగే అనేసరికి, వేసవి సెలవులే కదా అని నేనే బ్యాంకుకు వెళ్ళాను.

కౌంటర్‌లో చిన్నమ్మాయి కూర్చుని ఉంది. "ఇది అసలు కింద చెల్లు వెయ్యమ్మా," అన్నాను.

ఆ మాటకి నవ్వింది. "పార్ట్ పేమెంటాండి? చాలా మంచిదండి. మీకింకా రెండు వందల ఎనభై ఒక్క నెలలున్నాయి కదా."

"నూట ఎనభై అమ్మా. సరిగ్గా చూడు."

"రెండు వందల ఎనభై ఒకటేనండి."

"నేను తీసుకుంది రెండు వందల నలభైకి. ఐదేళ్ళు కట్టాను. కట్టినకొద్దీ పెరుగుతాయా?"

ఆ అమ్మాయి నవ్వు మాయమైంది. తెర నా వైపు తిప్పింది. "రేటు పెరిగిందండి, మూడేళ్ళ కిందట. ఏడు పాయింట్ రెండు తొమ్మిదైంది. ఈఎంఐ పెంచుకుంటారా, నెలలు పెంచుకుంటారా అని మెసేజ్ పెట్టామండి. నెలలు పెంచమని మీ దగ్గర్నుంచి సమాధానం వచ్చింది."

"నా దగ్గర్నుంచా?"

"ఈ నంబర్ నుంచండి." చూశాను. నాకు కంఠతా వచ్చిన నంబరే.

అక్కడున్న స్లిప్పు వెనక లెక్క మొదలుపెట్టాను. అరవై పైసలు డెబ్బై ఐదైంది. పెరిగింది పదిహేను పైసలే. ఎవరైనా వచ్చి చెప్పినా "ఓస్, పదిహేను పైసలేగా" అని నేను కూడా అనేదాన్నేమో. కానీ ఆ పదిహేను పైసలతో, నేను కట్టే పంతొమ్మిది వేల ఆరొందల్లో దాదాపు పద్దెనిమిది వేలు వడ్డీకే పోతోంది. అసలుకి పడేది పద్దెనిమిది వందలు. ఐదేళ్ళలో పదకొండు లక్షల ఎనభై వేలు కడితే అసలు తగ్గింది రెండు లక్షల లోపు. అరవై ఒకటికి తీరాల్సిన అప్పు నాకు డెబ్బై వచ్చేదాకా సాగుతుంది. నలభై ఏడు లక్షలనుకున్నది అరవై ఏడు లక్షలు.

"అప్పుడే ఈఎంఐ పెంచి ఉంటే ఎంతయ్యేదమ్మా?"

ఆ అమ్మాయి లెక్క చూసింది. "నెలకి రెండు వేల ఆరు వందలు ఎక్కువయ్యేదండి. నెలలు మాత్రం పెరిగేవి కాదు."

రెండు వేల ఆరు వందలు. అప్పుడు గుర్తొచ్చింది, చేపల పులుసు, మూడు వేల పాలసీ. అదీ మూడేళ్ళ కిందటే. డబ్బు కట్టకుండానే లేచి, తిన్నగా స్టేషన్‌కి వెళ్ళి బాపట్ల రైలెక్కాను.

తమ్ముడు ఇంట్లోనే ఉన్నాడు. నన్ను చూడగానే వాడి మొహం పాలిపోయింది. స్లిప్పు ముందు పెట్టాను.

"నీకు చెబితే కంగారుపడతావని అక్కా. నువ్వసలే టెన్షన్ మనిషివి."

"రెండు వేల ఆరొందలకి కంగారు పడేదాన్నా? అదే నెలలో మూడు వేలు నీ పాలసీకి ఎట్టా కట్టించావురా?"

మా మరదలు మంచినీళ్ళ గ్లాసు తెచ్చి, మా ఇద్దరి మొహాలూ చూసి బల్ల మీద పెట్టి లోపలికి వెళ్ళిపోయింది.

"చెప్పు. ఈఎంఐ పెరిగితే నేను పాలసీ కట్టలేననేగా?"

"టార్గెట్ ఉండిందక్కా," అన్నాడు తల దించుకుని. "ఇంకో పాలసీ అయితే ఆ నెల గండం గట్టెక్కేది. రేటు మళ్ళీ తగ్గుతుందిలే, నీకు తెలియకుండానే సర్దుకుంటుందనుకున్నా."

"నీకు ఇబ్బందిగా ఉందక్కా అని అడిగి ఉంటే ఇవ్వకపోదునా? ఎప్పుడైనా లేదన్నానా?"

"అడగడానికి మొహం చెల్లలేదు."

"నన్ను నమ్మించి గొంతు కోయడానికి మొహం చెల్లిందా?"

వాడు ఏడ్చాడు. ఈసారి నాకు ఏడుపు రాలేదు. వాడికి ఆ నెలలో వచ్చిన కమీషన్ ఎంతో నేను అడగలేదు. అడిగితే, నా తొమ్మిదేళ్ళు ఎంతకి పోయాయో తెలిసిపోతుంది. గ్లాసు ముట్టకుండా వచ్చేశాను. రైల్లో కూర్చుంటే ఆ ఆవకాయ జాడీ గుర్తొచ్చింది. ఆ రోజు జాడీ పోతే పోయిందని వాణ్ణే గట్టిగా పట్టుకున్నాను. మూత జారి నూనె నా కొత్త లంగా మీద పడింది. అమ్మ చేత దెబ్బలు కూడా తిన్నాను.

తర్వాతి వారం బ్యాంకుకు వెళ్ళి మూడు లక్షలూ కట్టేశాను. ఈఎంఐ ఇరవై వేల మూడు వందల ఇరవై ఆరుకి పెంచమన్నాను. ఆ అమ్మాయి చూసి, "ఇప్పుడు నూట ఎనభై నెలలండి," అంది నా మొహం వెలుగుతుందేమోనని చూస్తూ. మూడేళ్ళ ముందు విడుదల తెచ్చిపెడతాయనుకున్న మూడు లక్షలు, నేను ఉన్నాననుకున్న చోటికే నన్ను చేర్చాయి. పాలసీ మూసేద్దామంటే లక్షా ఎనిమిది వేలకి సగమే చేతికొస్తుందట. ఆ సగమే ఇమ్మన్నాను.

"ఇంకేమైనా మార్చాలాండి?" అని అడిగింది.

"ఫోన్ నంబరు," అన్నాను. ఫారంలో నా నంబరు రాసి, రెండుసార్లు సరిచూసి ఇచ్చాను.

వారం రోజులుగా తమ్ముడి ఫోన్ ఎత్తడం లేదు. ఆ సాయంత్రం ఎందుకో ఎత్తాను.

"అక్కా, నా నంబర్ తీసేయించావా? బ్యాంకు నుంచి మెసేజ్ వచ్చింది."

ఐదేళ్ళలో బ్యాంకు పంపిన మెసేజ్‌లలో వాడు నాకు చెప్పిన మొదటిది అదే.