చెల్లె నుదుటి రాత

“మూడోది సుత ఆడపిల్లనే! బ్రహ్మ రాసిన రాత ఎవడు తుడుస్తడు? పెద్దది బడి మాని దీన్ని ఎత్తుకుంటది” అంది నాయనమ్మ నన్ను చూపిస్తూ.

“పుట్టిన పిల్ల కడిగిన పలకనే అమ్మా! లాటిన్ల టాబులా రాసా అంటరు. మనం ఏది రాస్తే గదే ఉంటది” అన్నాడు హనుమకొండలో ఫాదర్ల దగ్గర చదివిన చిన్నాయన.

“మరి నీ లాటిన్ పొత్తిగుడ్డలు ఉతుకుతదా?”

ఇవాళ మనవరాలు పలక తుడవడానికి స్పాంజి కొనమంటే, ఉత్తగా దొరికే దొండాకు తెంపి ఇచ్చాను. ఆ పసరు వాసనకు చిన్ననాటి ఆ మధ్యాహ్నం మళ్ళీ కమ్ముకుంది. చీర ఉయ్యాలలో, పసుపు వెలుతురులో, చెల్లె నిద్రలో నవ్వుతోంది. ఇద్దరి మాటా నిజమే అనుకున్నాను: రాత ఉంది, కడిగితే పోతుంది. దాని నుదురు దొండాకుతో మెల్లగా తుడిచి, బలపంతో ‘అ’ రాశాను.

నాయనమ్మ వచ్చి చూసింది. “ఏం చేస్తున్నవే?”

“చెల్లెకు మంచి రాత రాస్తున్న. నాకు ‘అ’ ఒక్కటే వచ్చు నాయనమ్మా. మిగిలింది ఎట్ల రాయాలె?”

ఆమె ఉయ్యాల పక్కన కూర్చుని, ‘అ’ చెరగకుండా చెల్లె చెమట కొంగుతో అద్దింది.

తెల్లవారి చెల్లెను తన చంకన వేసుకుని, నన్ను బడికి పంపింది.