కంటికి ఆనని గీత

సింగపూర్‌లో, జురాంగ్ వెస్ట్‌లో మా బ్లాకు తెలుగువాళ్లందరికీ ఉపేంద్ర కథ తెలుసు. వాళ్లకు తెలిసిన కథే తప్పు. దాన్ని దిద్దాలని ఆయన ఇన్నేళ్లుగా తంటాలు పడుతున్నాడు, ఎవరూ దిద్దనివ్వరు.

కరీంనగర్ నుంచి వచ్చి, సైన్స్ పార్క్‌లో కంప్యూటర్ మీద దేశపటాలు గీసే కంపెనీలో చేరాడు. వై టూ కే హడావుడి రోజులు. పటాలు సీడీల్లో అమ్ముడయ్యేవి. అక్కడ ఒకే కశ్మీర్‌ను మూడు రకాలుగా గీసేవారు. ఇండియాకు పోయే సీడీలో మొత్తం మనదే. పాకిస్తాన్‌కు పోయేదాంట్లో వాళ్లు ఒప్పుకునే తీరు. మిగతా లోకానికి చుక్కల గీత. ఒకటి పోవలసిన చోటికి ఇంకొకటి పోతే సరుకు కస్టమ్స్ దాటదు.

పక్క కుర్చీ ఇజాజ్‌ది. లాహోర్ మనిషి. ఇద్దరికీ ఉర్దూ వచ్చు, ఇద్దరికీ టీలో చక్కెర దండిగా పడాలి. వాళ్లొక పద్ధతి పెట్టుకున్నారు. ఇండియా పటాన్ని ఇజాజ్ సరిచూసేవాడు, పాకిస్తాన్ పటాన్ని ఉపేంద్ర.

"మీ పటం చూస్తే నాకు ఒళ్లు మండాలి. మండలేదంటే అందులో ఏదో తప్పున్నట్టే," అనేవాడు ఇజాజ్.

అలా ఒక్క సీడీ కూడా వెనక్కి రాలేదు.

కార్గిల్ మొదలయ్యాక ఇండియాలో సరుకు కొనేవాళ్లు ఫోన్ చేశారట, తమ పటం మీద పాకిస్తాన్ మనిషి చెయ్యి పడకూడదని. మేనేజరు సరేనన్నాడు. ఇజాజ్ చూస్తేనే తప్పులు దొరుకుతాయని ఉపేంద్ర మొత్తుకున్నా వినలేదు. అదే ఆఫీసులో పనిచేసే కృష్ణప్రసాద్, మా బ్లాకువాడే, మేనేజరుకు ఇప్పటికైనా బుద్ధొచ్చిందన్నాడు.

కొత్త రోడ్లు ముందు చుక్కల గీత పటంలో ఎక్కించి, దాన్నే కాపీ చేసి, సరిహద్దు మార్చి ఇండియాకు పంపాలి. ఉపేంద్ర కాపీ చేశాడు. సరిహద్దు మార్చడం మరిచాడు. తర్వాత తానే సరిచూశాడు కూడా. బడిలో పలక మీద ఇండియా పటం గీసినప్పటి నుంచీ ఆయనకు దాని తల, కశ్మీర్, నిండుగానే తెలుసు. తెర మీద తెగిన తలను కన్ను తనంతట తానే పూర్తి చేసుకుంది. బాగుందని పంపేశాడు.

సరుకు మద్రాసులో ఆగింది. ఆఫీసంతా ఇజాజ్ వైపు అనుమానంగా తిరిగింది. ఉపేంద్ర మేనేజరు గదికి వెళ్లి తప్పు తనదని చెప్పాడు. ఆ పాకిస్తాన్ మనిషిని పనిలోంచి తీసేశామని కొన్నవాళ్లకు అప్పటికే చెప్పామని, వాళ్లు శాంతించారని, మళ్లీ కెలకొద్దని మేనేజరు బతిమాలినట్టే అన్నాడు. మర్నాడు ఇంకోసారి వెళ్తే తలుపే తియ్యలేదు.

ఉద్యోగంతో పాటే ఇజాజ్ వర్క్ పాస్ పోయింది. ఇక పెళ్లాం పిల్లలతో దేశం విడిచి పోవాలి. సామాన్లు సర్దుకుంటున్నవాణ్ణి ఉపేంద్ర తన తెర ముందుకు లాక్కొచ్చి పటం చూపించాడు.

ఇజాజ్ కూర్చోను కూడా కూర్చోలేదు.

"ఒళ్లు మండలేదు," అన్నాడు. అట్టపెట్టె ఎత్తుకుని వెళ్లిపోయాడు.

మొన్న కృష్ణప్రసాద్ కొత్త ఫ్లాట్‌లో పాలు పొంగించి భోజనాలు పెట్టాడు. కొత్తగా వచ్చిన కుర్రాళ్లకు కథ మళ్లీ ఎత్తుకున్నాడు, పాకిస్తానోడు సీడీ పాడుచేస్తే ఈ అన్న నింద తన మీద వేసుకున్నాడని.

"పాడు చేసింది నేను," అన్నాడు ఉపేంద్ర.

"చూసిన్రా, ఇప్పటికీ అదే మాట. గిసొంటి మనిషిని యాడ చూస్తం?"

"మంచితనం కాదురా. గీత నాకు కనబడలే. ఆయన చూసుంటే ఒక్క నిమిషంల దొరుకుతుండె. మనం చూడనియ్యలే."

కృష్ణప్రసాద్ కూతురు శాలిని ఫోన్‌లోంచి తల ఎత్తింది. "సో లాంగ్ ఆల్రెడీ లా, అంకుల్," అంది, ఎప్పటి సంగతో ఇంకా ఎందుకన్నట్టు.

అందరూ నవ్వారు. కుర్రాళ్లలో ఒకడు లేచి ఆయన కాళ్లకు దణ్ణం పెట్టబోయాడు. ఉపేంద్ర విసురుగా కాళ్లు వెనక్కి లాక్కున్నాడు. అదీ వినయమే అనుకున్నారు. కృష్ణప్రసాద్ భార్య భానుమతి వచ్చి, వద్దంటున్నా వినకుండా, ఆయన పళ్లెంలో ఇంకో భక్ష్యం వేసింది.