ఆపిల్ కేకు, అత్త మంట

మా ఇంట్లో ఆపిల్ పండు కనబడిందంటే ఎవరో ఆసుపత్రిలో ఉన్నట్టే లెక్క. చోడవరంలో ఆరోగ్యంగా ఉన్నవాళ్ళు జామకాయ తింటారు, పనసతొనలు తింటారు, సీతాఫలాల రోజుల్లో సీతాఫలం తింటారు. ఆపిల్ మాత్రం సెలైన్ బాటిల్ పక్కన స్టూలు మీద, సంచిలోంచి తొంగిచూస్తూ ఉండవలసిన పండు. అందుకని ఆ ఆదివారం పొద్దున నేను కిలో ఆపిల్స్ పట్టుకుని బజారునుంచి వస్తుంటే పక్కింటావిడ గుమ్మంలోంచే అడిగింది.

"ఎవరికి బాగోనేదమ్మా?"

"అందరూ బాగానే ఉన్నారు. కేకు చేస్తన్నాను."

ఆవిడ నమ్మలేదు. పావుగంటలో కొంగు సర్దుకుని మా ఇంటికొచ్చి, వరండాలో పేపరు చూస్తున్న మా మావయ్యను ఎగాదిగా చూసి, "మొకం పీక్కుపోయింది పాపం" అని వెళ్ళిపోయింది. ఎనభై దాటిన మనిషి, అప్పుడే నాలుగిడ్లీలు తిని కూర్చున్నవాడు, ఆ మాట విని నన్ను అద్దం అడిగాడు.

ఈ కేకు గొడవ ఎందుకొచ్చిందో చెప్పాలి. తప్పు నా నోటిదే. మా తోడికోడలు విశాఖపట్నంలో ఉంటుంది. మా మరిదికి అక్కడ ఫ్యాక్టరీలో ఉద్యోగం. మా ఇంటికి వచ్చినప్పుడల్లా ఆవిడ అట్టపెట్టెలో ఒక బేకరీ కేకు తెస్తుంది. తేవడం మంచిదే, రెండు ముక్కలు ఎక్కువ తినేది కూడా నేనే. కానీ పెట్టె విప్పుతూ "మీకిక్కడ దొరకదు కదక్కా" అంటుంది. ప్రతిసారీ అంటుంది. చోడవరంలో బేకరీలే లేనట్టు, మేమింకా చెకుముకి రాయితో నిప్పు రాజేసుకుంటున్నట్టు. మొన్నామధ్య ఫోన్లో కూడా అదే మాట అనేసరికి నాకు అరికాలి మంట నెత్తికెక్కింది.

"ఈసారి నువ్వేటీ తేకు. నేనే ఆపిల్ కేకు చేస్తాను. దాని మీద వేడివేడిగా కారమెల్ సాస్ పోసి పెడతాను. మొత్తం నా చేత్తోనే" అనేశాను. ఆ కారమెల్ అనే ముక్క నాకు తెలిసి అప్పటికి గంటయింది, అదీ ఫోన్లో ఒక వీడియో పుణ్యమా అని.

"నువ్వా అక్కా?" అంది అవతలనుంచి. ఆ "నువ్వా"ని ఆవిడ సాగదీసిన తీరుకి ఇంక వెనక్కి తగ్గే దారి లేకుండా పోయింది. చెయ్యలేకపోతే వచ్చే పదేళ్ళూ ప్రతి పెళ్ళిలో, ప్రతి పేరంటంలో నా కేకే కథ. మా కుటుంబంలో ఒక కథ పుట్టిందంటే మనిషి పోయినా అది పోదు. మా అత్తగారి సంగతే చూడండి.

మా మావయ్య చోడవరం రాకముందు రోలుగుంట దగ్గర సొంతూళ్ళో బెల్లం వండేవాడు. ఊరందరి చెరకు రసమూ ఆయన చూస్తుండగానే మరగాలి, పాకం వచ్చిందని ఆయన చెబితేనే రసం కాగే పెద్ద పెనం దించాలి. ఆయన చేతిలో పాకం మాడిందన్న మాట ఎన్నడూ లేదు. మాడిందల్లా ఒక్క పెనం. అదీ మా అత్తగారి పుణ్యం. కాపురానికొచ్చిన మొదటి ఏడాదే పొయ్యిలోకి చెరకు పిప్పి ఎక్కువ ఎగేసి మాడబెట్టేసిందట. ఆ తర్వాత ఆవిడను పొయ్యి దగ్గరికి రానివ్వలేదు. నేను కోడలిగా వచ్చాక ఈ కథ విని, అన్నం అడుగంటిన రోజున "అత్త మంట" అన్నాను. అందరూ పగలబడి నవ్వారు. అప్పటినుంచి మా ఇంట్లో పాలు మాడినా, పప్పు మాడినా, ఇస్త్రీపెట్టె కింద చొక్కా కాలినా అత్త మంటే. ఆవిడ ఎదురుగానే ఎన్నిసార్లు అన్నామో. ఆవిడ కూడా నవ్వి ఊరుకునేది. ఆవిడ పోయి ఆరేళ్ళయింది, మాట మాత్రం అలాగే ఉంది.

సరే, కేకు. మా ఇంట్లో ఓవెన్ లేదు. కుక్కర్‌కి గాస్కెట్టూ విజిలూ తీసేసి, అడుగున ఉప్పు పోసి, దాని మీద గిన్నె పెట్టి సన్నమంట మీద ఉంచమని వీడియోలో పిల్ల చెప్పింది. దాల్చినచెక్క, లవంగాలు, జాజికాయ దంచి మైదాలో కలిపి, ఆపిల్ ముక్కలు వేసి అలాగే పెట్టాను. కాసేపటికి వాసన వీధిలోకి వెళ్ళింది. మా ఆయన ఆ వాసన పట్టుకుని వంటింట్లోకి వచ్చి, "మటనా?" అన్నాడు.

"కేకు."

"మరి మసాలా వాసనొస్తంది?"

"కేకులోదే."

ఆయన కుక్కర్ వైపు కాసేపు చూసి, ఇంత అన్యాయమా అన్నట్టు తల ఊపి వెళ్ళిపోయాడు. కేకు మాత్రం పైన చీలి, ఒక పక్కకి ఒరిగి, అయినా ఉడికింది. పుల్ల గుచ్చితే పొడిగా వచ్చింది. సగం గెలిచాననుకున్నాను.

మిగిలిన సగం సాస్. పంచదారని నీళ్ళు లేకుండా మూకుట్లో వేసి కరిగించాలి. అది తేనె రంగు దాటి, ఎర్రబడి, ఇంకొక్క క్షణం ఉంటే మాడిపోతుందనగా వెన్నా మీగడా వెయ్యాలి. అంటే తెలిసి తెలిసి పంచదారని మాడే అంచుదాకా తీసుకెళ్ళాలన్నమాట. చెరకు మొహం ఎరగని వాళ్ళెవరో కనిపెట్టి ఉంటారు. మా వైపు ఆ పని చేస్తే ఇంటి పరువు పొయ్యిలో పెట్టినట్టే.

మొదటిసారి పంచదార అలా కరుగుతోందో లేదో, మా మావయ్య వరండాలోంచి లేచి వచ్చాడు. మూకుట్లోకి చూశాడు.

"ఏటమ్మా ఇది, నీళ్ళు నేకుండా ఎట్టీసేవు. మాడిపోదా?" అంటూనే గ్లాసుడు నీళ్ళు పోసేశాడు. నేను నోరు తెరిచేలోపే ఒక చుక్క తీసి నీళ్ళగిన్నెలో వేసి, వేళ్ళతో నలిపి, "ఉండ కట్టనేదింకా, ఉండు" అని నాకు ధైర్యం చెప్పాడు. అది అరిసెల పాకం అయింది. తీసి పక్కన పెట్టాను.

రెండోసారి ఆయన్ని కూర్చోబెట్టి వచ్చి, తలుపు దగ్గరగా వేసి మొదలుపెట్టాను. రంగు తిరుగుతుంటే వెన్న కోసం ఫ్రిజ్ దగ్గరికి వెళ్ళాను. తిరిగి వచ్చేసరికి గ్యాసు ఆపేసి ఉంది. నెయ్యి రాసిన పళ్ళెంలో పంచదార బంగారంలా పరుచుకుని ఉంది. మావయ్య చేతులు తుడుచుకుంటున్నాడు.

"సమయానికొచ్చేను. ఒక్క నిమిషముంటే నల్లబడిపోయేది" అన్నాడు, నూతిలో పడబోయిన పిల్లని పట్టుకున్నవాడిలా.

"మాడాలి మావయ్యా. మాడడానికే పెట్టేను."

"మాడ్డానికా?" అని నా వైపు చూశాడు. ఆపిల్స్ నిజంగా ఎవరికో అప్పుడు అర్థమైనట్టుంది ఆయనకి.

నాకు ఒళ్ళు మండిపోయింది. "ఇది మీ బెల్లం పెనం కాదు. మీ పెనాలూ మీ పాకాలూ ఎప్పుడో పోయేయి. వెళ్ళి వరండాలో కూచోండి, నన్ను పని చేసుకోనివ్వండి" అన్నాను. అన్నాక నాలుక కరుచుకున్నాను. ఆయన వెళ్ళి కుర్చీలో కూర్చున్నాడు, పేపరు తీయలేదు.

మూడోసారి నన్నాపేవాళ్ళు లేరు. పంచదార కరిగింది, తేనె రంగొచ్చింది, ఫోన్ మోగింది.

"అక్కా, సబ్బవరం దాటేం. నీ సాస్ కోసం పొద్దుట్నుంచి ఏటీ తిననేదు" అంది మా తోడికోడలు.

"రండి, రండి. అంతా అయిపోయింది" అన్నాను. నిజంగానే అయిపోయింది. వెనక్కి తిరిగేసరికి మూకుట్లో తారు ఉడుకుతోంది. ఇల్లంతా పొగ. కిటికీలు తెరిచి, టవల్‌తో విసిరి, దగ్గుతూ పంచదార డబ్బా తీసి చూస్తే అడుగున ఒక్క గ్లాసు ఉంది. ఆదివారం మధ్యాహ్నం మా వీధిలో ఉన్న రెండు కొట్లూ మూసేసి ఉంటాయి. ఏ దిక్కు చూసినా చెరకు తోటలు, పక్కనే గోవాడలో పంచదార ఫ్యాక్టరీ, నా డబ్బాలో మాత్రం ఒక్క గ్లాసు పంచదార.

వరండాలోకి వెళ్ళి నిలబడ్డాను. నా గొంతు నాకే చిన్నగా వినబడింది.

"మావయ్యా, ఇంక ఒక్క గ్లాసే ఉంది. నాకు చేతకాలేదు. మీరొచ్చి మాడ్చండి."

ఆయన నన్ను ఆట పట్టించలేదు, అలగలేదు. లేచి వచ్చి, "ఎంతవరకు?" అన్నాడు. ఎర్రబడాలి, నల్లబడకూడదు అన్నాను. ఫోన్లో బొమ్మ చూపిస్తే చూడలేదు. వేరే మూకుడు పెట్టించుకుని, మంట తగ్గించి, గరిటె పట్టుకున్నాడు. కళ్ళు సగం మూసి ముక్కుతో పని చేస్తున్నాడు.

"ముందల తీపి వాసనొస్తాది. అది తగ్గి సన్నగా సేదు తగులుతాది. ఆ సేదు తగిలిందంటే ఇంక ఆగకూడదు" అన్నాడు.

"మీకెలా తెలుసు? మీరెప్పుడూ మాడ్చలేదు కదా."

"ఒకసారి మాడ్సేను."

"ఎప్పుడు?"

"మీ అత్త కాపరానికొచ్చిన ఏడు." గరిటె ఆగలేదు. "అది పొయ్యిలోకి పిప్పి ఎగేస్తంది. కొత్త సీర కట్టింది. నాను పాకం సూడాల్సినోడిని దాన్ని సూసేను. తెలిసేసరికి సేదు వాసన. రైతొచ్చి కేకలేసేడు. నాను నోరిప్పేలోపే అది లేసి, నానే మంటెక్కువేసీసేను బాబూ, అనీసింది. పాకం సూసేవోడి మీద నమ్మకం పోతే మరెవలు పిలుస్తారు? నాను ఊరుకున్నాను."

"తర్వాతైనా చెప్పొచ్చు కదా మావయ్యా."

"సెప్తానంటే అదే వద్దంది. ఆ తరవాత మీరంతా నవ్వుతుంటే ఎలగ సెప్పాలో తెలీనేదు." ముక్కు ఒక్కసారి ఎగబీల్చి, "ఎయ్, మీగడెయ్" అన్నాడు.

వేశాను. బుస్సుమని పొంగి, దిగి, కొత్తబెల్లం రంగులో సాస్ అయింది. వేలితో తీసి నాలిక మీద పెట్టుకుంటే వీడియోలో పిల్ల కూడా ఇంత బాగా చేసి ఉండదనిపించింది. కానీ నాకు ఏడుపొచ్చింది. అత్త మంట అని పేరు పెట్టింది నేనే. కళ్ళు తుడుచుకునేలోపు బయట కారు హారన్ వినబడింది.

మా తోడికోడలు చేతిలో అట్టపెట్టె ఉంది. "ఎందుకైనా మంచిదని తెచ్చేనక్కా" అంది. ఆ పెట్టె ఎవరూ విప్పలేదు. కేకు కోసి, సాస్ పోసి అందరికీ పళ్ళేలు ఇచ్చాను. ఆవిడ ఒక ముక్క తిని, రెండోది వేసుకుంది. దాని తర్వాత, "సాస్ ఎక్కడ కొన్నావక్కా?" అంది.

"నేనే చేశాను."

ఆ మాట నా నోట్లోంచి దానంతటదే వచ్చేసింది. మావయ్య వైపు చూశాను. ఆయన చెంచాతో సాస్ తీసుకుని తింటున్నాడు, తల ఎత్తలేదు.

"మరి ఈ మాడు వాసనేటి? అత్త మంటా?" అంది మా తోడికోడలు ముక్కు ఎగబీలుస్తూ. మా ఆయన ముందు నవ్వాడు, మిగతావాళ్ళు అందుకున్నారు.

నేను రెండు మాటలు చెప్పవలసి ఉంది. మూకుడు మాడ్చింది నేనని ఒకటి, ఆనాటి పెనం అత్తగారు మాడ్చలేదని ఇంకొకటి. మొదటిది చెబితే "నేనే చేశాను" చెడిపోతుంది. రెండోది చెబితే మావయ్య ఇప్పుడెందుకు చెప్పాడని అడుగుతారు, సాస్ సంగతీ బయటికొస్తుంది. నోట్లో కేకు పెట్టుకుని కూర్చున్నాను. అంత పిరికిదాన్నని నాకు అప్పటిదాకా తెలియదు.

మావయ్య పళ్ళెం కింద పెట్టాడు.

"అత్త మంట కాదమ్మా. నాను మాడ్సేను" అన్నాడు.

"మీరా మావయ్యా?"

"నానే. దానిది ఏ తప్పూ నేదు."

వాళ్ళంతా మూకుడు గురించే అనుకున్నారు. "అయితే ఇయ్యాల్టినుంచి మావ మంట" అని మా తోడికోడలు కొత్త పేరు పెట్టేసింది. మళ్ళీ నవ్వులు. మావయ్య కూడా నవ్వాడు, అచ్చం అత్తగారు నవ్వినట్టే.

వాళ్ళు వెళ్ళాక ఆయన దగ్గరికెళ్ళి, "మూకుడు నేను కదా మాడ్చింది, మీ మీదెందుకు వేసుకున్నారు?" అని అడిగాను.

"ఇన్నేళ్ళకి ఆ పెనం మాటకి నోరు తిరిగిందమ్మా. అందులో నీదొకటి కలిసిపోయింది, పోనీ" అన్నాడు.

ఆ మాట నన్ను నిలవనివ్వలేదు. సాయంత్రమే తోడికోడలికి ఫోన్ చేసి, సాస్ చేసింది మావయ్యనీ, మూకుడు మాడ్చింది నేననీ, ఆనాటి పెనంతో సహా అంతా చెప్పాను. ఆవిడ ఓపిగ్గా విని, "ఊరుకో అక్కా. ముసలాయన్ని ఎంత బాగా వెనకేసుకొస్తన్నావు. మంచిదానివి" అంది. చుట్టాలందరికీ అలాగే చెప్పింది కూడా. ఇప్పుడు మా వైపు నేను కారమెల్ సాస్ చెయ్యగల మనిషిని, అంతకుమించి మంచి కోడలిని.

మొన్న పప్పు మాడబెట్టాను. వాసన వచ్చి మా ఆయన నోరు తెరిచేలోపే వరండాలోంచి మావయ్య గొంతు వినబడింది, "మావ మంటే, మావ మంటే" అని. నేను ఆ గిన్నె పట్టుకెళ్ళి పెరట్లో తోముకున్నాను.