నాలుగింట ఒకటి

స్ఫాక్స్ నగరంలోని పరిశోధనశాల కింది అంతస్తులో సాల్హా ఎలుకలను సాకేది. ఒక్కో వరుస బోనుల్లో ఒక్కో జన్యువు తీసేసిన ఎలుకలు ఉండేవి. చాలా వరుసల్లో తేడా కంటికి ఆనేది కాదు. వెంట్రుక కాస్త పలచబడేది, అంతే. కిటికీ పక్క వరుస మాత్రం వేరు. అక్కడి ఎలుకల్లో జన్యువు సగమే తీసేశారు; అది పూర్తిగా లేని పిల్ల ఒక్కటీ కనబడేది కాదు. చచ్చి పుడితే తల్లే తినేస్తోందని సాల్హా అనుకునేది.

ఇంట్లో ఆమెనూ అలాగే అనేవారు. మూడుసార్లు కడుపు పండింది, ఒక్కటీ నిలవలేదు. అత్త ముబారకా సాల్హా తండ్రికి సొంత అక్క. చుట్టాల ముందే పళ్లెం సాల్హా వైపు తోసి, "దీనికి ఇంకాస్త పెట్టండి. కడుపున పడ్డవి చాల్లేదు" అనేది. భర్త లజ్‌హర్ తల వంచుకుని రొట్టె తుంచుకునేవాడు. ఆ ఇంట్లో ఎవరికి ఎవరిని చెయ్యాలో, ఎవరు ఎప్పుడు నవ్వాలో ముబారకాయే తేల్చేది.

ఒకరోజు డాక్టర్ రౌధా చూలు ఎలుకను కోసి చూసింది. తల్లి తినడం లేదు. ఆ పిల్లలు రూపు కట్టకముందే కరిగిపోతున్నాయి.

"మిగతా జన్యువులు పోతే పక్కది ఆ పని అందుకుంటుంది సాల్హా. దీంతో మాత్రం వందల జన్యువులు ముడిపడి ఉన్నాయి. ఇది లేకపోతే ఏదీ సాగదు. ఏ జన్యువైనా జతగా ఉంటుంది. తల్లి జతలో సగం, తండ్రి జతలో సగం చెడి ఉంటే నాలుగింట ఒకటి ఇలా పోతుంది."

"మనుషుల్లోనూ అంతేనా డాక్టరమ్మా?"

"ఈ జన్యువు మనకీ ఉంది."

సాల్హా బతిమాలి లజ్‌హర్ చేత రక్తం ఇప్పించింది. ఇద్దరిలోనూ సగం చెడే ఉంది. మూడూ వరసగా పోవడం వట్టి దురదృష్టమంది రౌధా. ఆ రోజు సాల్హా దాదాపు పరుగున ఇంటికి వెళ్లింది.

"తప్పు నాది కాదత్తా. మన రక్తంలోనే ఉంది. నాలో ఎంతో బావలోనూ అంతే. ఈసారి నిలవొచ్చు. నాలుగింట మూడు పాళ్లు నిలుస్తాయట."

ముబారకా బఠాణీలు ఒలవడం ఆపలేదు. "అయితే బయటి పిల్లని చేసుకుంటే నా కొడుక్కి ఈ గొడవ ఉండదన్నమాట."

సాల్హా కింద పడ్డ తొక్కలు ఏరసాగింది.

"చెప్పవే. డాక్టరు అన్నీ చెప్పిందిగా. ఉంటుందా, ఉండదా?"

"ఉండదు."

"విన్నావురా. నీ పెళ్లామే అంటోంది" అంది ముబారకా, గుమ్మంలో నిలబడ్డ కొడుకుతో.

"ఇంకొక్కసారి చూద్దాం బావా" అంది సాల్హా.

లజ్‌హర్ తల్లి ముఖం చూశాడు. "మళ్లీ పోతే?" అన్నాడు.

విడాకులైన రోజు కోర్టు మెట్ల మీద ముబారకా మేనకోడలి చెంప నిమిరింది. "నీకూ బయటివాడు దొరుకుతాడులే. ఈ వయసుకి ఏ ముసలాడో."

ఏడాదిన్నర తర్వాత రౌధా కిటికీ పక్క మగ ఎలుకను ఏ లోపమూ లేని ఆడదాంతో జత కట్టమంది. బోను నిండా పిల్లలు పుట్టాయి. ఒక్కటీ తగ్గలేదు. సాల్హా వాటికి గడ్డి సర్దుతుంటే గేటు మనిషి చిన్న గిన్నె పట్టుకొచ్చాడు. నువ్వులూ తేనే కలిపి పురిటింటి వాళ్లు పంచే జరీర్ అది.

"మీ అత్త ఇచ్చింది. మనవడట. గిన్నె కడిగి ఇమ్మంది, బయట నిలబడే ఉంది."

సాల్హా వేలితో అడుగు దాకా ఊడ్చి తిన్నది. గిన్నె కడిగి, బోనులు తుడిచే గుడ్డతోనే తుడిచి, అతని చేతికిచ్చింది.