కాయితానికి చెప్పని పేరు

ఆ రోజుల్లో మామూలు మనిషి పేరు అచ్చులో పడాలంటే దారులు మూడే: ఎస్సెల్సీ ఫలితాలు, పెళ్ళి శుభలేఖ, కోర్టు వారి ప్రకటన. మొదటిదాంట్లో పేరుకు బదులు నంబరు వేసి సరిపెట్టారు. రెండోదానికి నాకింకా వేళ కాలేదు. మూడోదానికి ధైర్యం చాలలేదు. అందుకే నెల్లూరులో నేను పుస్తకం టైపు కొట్టి పెడుతున్న చరిత్ర మాస్టారు ఒకనాడు కళ్ళజోడు తుడుచుకుంటూ, "ముందుమాటలో నీ పేరు కూడా వేస్తానయ్యా" అన్నప్పుడు నాకు నేల మీద కాళ్ళు నిలవలేదు. ఆ సాయంత్రానికి వీధి చివరి టీ బంకుకు తెలిసింది. ఆదివారానికి మా అమ్మ ద్వారా మా ఊరి చర్చికంతా తెలిసింది. (పుస్తకం చేతికొచ్చాక ఆ పేజీ దానంతటదే తెరుచుకునేలా ఎలా మడతపెట్టాలో కూడా నేను వేరే పుస్తకం మీద సాధన చేశాను. నవ్వకండి, ఇరవై ఏళ్ళ వయసు.)

మాస్టారు కాలేజీలో చరిత్ర చెప్పి రిటైరైన మనిషి. మన తీరంలో అనాదిగా ఉన్న యానాదుల గురించి, ఈస్టిండియా కుంపిణీవాళ్ళు ఓడలు దిగిన తొలిరోజుల గురించి అప్పటికే రెండు పుస్తకాలు ఇంగ్లీషులో రాశారు. ఇది మూడోది. సముద్రపు ఇసకలో చిరివేరు అని ఒక మొక్క ఉంటుంది. దాని వేరుతోనే అప్పట్లో బట్టలకు ఎర్రరంగు అద్దేవారు. ఆ వేరు తవ్వి ఇచ్చింది యానాదులు, ఆ బట్టలు ఓడలకెక్కించి బాగుపడింది కుంపిణీవాళ్ళు. "వేరు తూచిన గుమాస్తాకు దగ్గొచ్చిన సంగతి కూడా రికార్డుల్లో ఉందయ్యా, తవ్వినవాడి పేరు ఒక్కటీ లేదు" అని మాస్టారికి మహా కోపం. మా ఊరి పక్క యానాది గుడిసెల్లో ఒక తాత తన అవ్వ చెప్పిన చిరివేరు కథలన్నీ నాకు చెబితే, నేను రాసి తెచ్చాను. పుస్తకంలో అదొక అధ్యాయమైంది. చెప్పినవాడి పేరు మాత్రం అడగడం మరిచాను. మాస్టారు ఊరుకోలేదు. "కనుక్కుని రా. ఆయన పేరు లేకుండా నీ పేరు వేయను" అన్నారు.

అదెంత పని అనుకుని, ఆదివారం కొడవలూరు దాకా బస్సులోనూ అక్కణ్ణించి సముద్రం వైపు సైకిలు మీదా వెళ్ళాను. తాత వల అల్లుకుంటున్నాడు. కాగితం మోకాలి మీద పెట్టుకుని, పెన్సిలు తడిచేసి, "తాతా, నీ పేరు?" అన్నాను. తాత వల పక్కన పెట్టి, లేచి నిలబడి, చేతులు కట్టుకుని, ఇంటిపేరుతో సహా మా నాన్న పేరు చెప్పాడు.

చెవుడేమో అనుకుని మళ్ళీ అడిగాను. మళ్ళీ అదే. పక్క గుడిసెలో అతని కొడుకును అడిగితే అతనూ లేచి నిలబడి మా నాన్న పేరే చెప్పాడు. చివరికి పొయ్యి ఊదుతున్న కోడల్ని అడిగాను. ఆవిడ కూడా చేతులు కట్టుకుని, ఇంటిపేరు ఒక్కక్షరం పొల్లుపోకుండా, మా నాన్న పేరే చెప్పింది. ఊరంతా కలిసి నన్ను ఆటపట్టిస్తోందని ఒళ్ళు మండి ఇంటికొచ్చాను.

మా నాన్న మిషను ఆసుపత్రిలో కాంపౌండరు. వరండాలో పొడి మందు పొట్లాలు కడుతున్నాడు. సంగతి విని నవ్వుతాడనుకున్నాను, నవ్వలేదు. "పెన్సిలు పట్టుకోని పోయినావా?" అన్నాడు. అవునన్నాను. "ఇంకేం మరి. తెల్లోళ్ళ కాలంలో వాళ్ళల్లో శానామంది రోజూ పోలీసు టేషన్‌కు పోయి హాజరు చెప్పాల. యాడ కోడి పోయినా కాయితంలో పేరున్నోణ్ణి పట్టుకొచ్చేవోళ్ళు. పేరడిగితే నా పేరు చెప్పండిరా, నేనొచ్చి మాట్లాడతా అని నేనే చెప్పినా" అన్నాడు. "ఆ నేరస్థ జాతుల చట్టం పోయి పదేళ్ళు దాటింది గదా నాయనా" అన్నాను. "ఆ మాట వాళ్ళకెవురు చెప్పినారు?" అని మళ్ళీ పొట్లాల్లో పడ్డాడు. అంతకాలం ఆ ఇంట్లో తిని పెరిగిన నాకు ఆ రోజుదాకా ఈ సంగతి తెలియదు. సిగ్గేసింది.

తర్వాతి ఆదివారం మళ్ళీ వెళ్ళాను. ఇది టేషను కాగితం కాదని, పుస్తకమని, కథ చెప్పిన మనిషికి మర్యాదని తాతకు గంటసేపు చెప్పాను. తాత ఓపిగ్గా విన్నాడు.

"యాడ పెడతారబ్బయ్యా ఆ పుస్తకాన్ని?"

"మద్రాసులో పెడతారు, ఢిల్లీలో పెడతారు, తెల్లదొరల సీమకు కూడా పోతుంది తాతా."

"ఎన్నాళ్ళుంటాది?"

"వందేళ్ళైనా ఉంటుంది!" అన్నాను, నేనే రాసినంత గర్వంగా.

తాత తల ఊపాడు. "అంటే నా మనవళ్ళ పిల్లకాయల కాలంలో గూడా తీసి చూస్తే దొరకతాదన్న మాట" అన్నాడు.

నేను కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాను. తాత నా చేతిలో పెన్సిలు తీసి ఇసకలో గుచ్చి, "నువ్వు మా కాంపౌండరయ్య కొడుకువి. నీకు చెప్తా. కాయితానికి చెప్పబాక" అని, చెవి దగ్గరకు వంగి తన పేరు చెప్పాడు. చాలా మంచి పేరు.

సోమవారం మాస్టారు అడిగారు. ముందుమాట నా ఎదురుగా టైపు మిషను మీదే ఉంది, అందులో నా పేరు నేనే, కాస్త గట్టిగానే, కొట్టుకుని ఉన్నాను. "తెలియలేదు సార్" అన్నాను. మాస్టారు ఆ కాగితాన్ని మిషను మీంచి లాగారు. "రెండు ఆదివారాలు తిరిగి ఒక ముసలాయన పేరు కనుక్కోలేనివాడికి నా పుస్తకంలో పేరెందుకయ్యా" అని నా పేరు మీద ఎర్రసిరాతో ఒక గీత గీశారు. ఆయన కోపం న్యాయమైనదే, అందుకే ఇంకా బాధేసింది.

పుస్తకం వచ్చింది. కథ చెప్పింది "ఒక వృద్ధుడు" అనీ, సాయపడింది "ఒక టైపిస్టు" అనీ ఉంది. టీ బంకు ముందు నుంచి పోకుండా రెండు నెలలు చుట్టుదారిన తిరిగాను. మా అమ్మ చర్చిలో ఏం చెప్పుకుందో నేను అడగలేదు. పుస్తకం మాత్రం తాత దగ్గరకు తీసుకెళ్ళి, ఆ రెండు చోట్లూ వేలు పెట్టి చూపించి, తెలుగులో చెప్పాను. తాత రెంటినీ తడిమి చూసి పకపకా నవ్వాడు.

"ఇంకేం భయంలా అబ్బయ్యా! ఇంక మనిద్దర్నీ ఎవురూ పట్టుకోలేరు" అన్నాడు.

ఇది చదివి, రాసిన ఈ పెద్దాయనకు ఒక్క పేరూ గుర్తు లేనట్టుందే అని మీరనుకోవచ్చు. తాత పోయి ఎన్నో ఏళ్ళైంది, మా నాన్నా పోయాడు. అన్నీ గుర్తున్నాయి. ఎప్పుడైనా మా ఇంటికి రండి, చెవిలో చెబుతాను. పెన్సిలు మాత్రం తేవద్దు.