మెర్వ్ ఇంట్లో కుట్రదారులు

మా ఊరు వాలరూలో పక్కింటి మెర్వ్ ట్రెగెన్జాకు మనుషుల్లో శత్రువులు లేరు. ఉన్నవాళ్లంతా వంటింట్లోనే ఉన్నారు. గిన్నెలు, కప్పులు, టోస్టర్ అన్నీ కూడబలుక్కుని తనమీద కుట్ర పన్నుతున్నాయంటాడు.

రొట్టె మాడిందంటే టోస్టర్‌ని వరండాలో ఎండకు కూర్చోబెట్టేవాడు. బుద్ధి వచ్చేదాకా లోపలికి రానివ్వనని నాతో గంభీరంగా చెప్పేవాడు. తెరుచుకోని సొరుగుకు ఎదురుగా పీట వేసుకుని, దాని వెనక ఎవరున్నారో చెప్పమని నిలదీసేవాడు. క్లబ్బులో బీరు తాగేవాళ్లు ఇవాళ ఎవరిని అరెస్టు చేశావని ఏడిపిస్తే తొణికేవాడు కాదు.

"ఫోర్కులమీద నిఘా పెట్టాను" అనేవాడు.

ఆయన భార్య డల్సీకి చేతుల వణుకు జబ్బు. తగ్గేది కాదని, ముందుముందు మింగడం కూడా కష్టమవుతుందని డాక్టరు చెప్పేశాడు. అప్పటికే కుట్టుపని పోయింది, బొత్తాలు పెట్టుకోవడం పోయింది. ఇంటికొచ్చినవాళ్లకు తన చేత్తో టీ పోయడం ఒక్కటే మిగిలింది.

ఆ చలికాలం కూతురు రోండా తల్లిని వృద్ధాశ్రమంలో చేర్చాలని అడిలైడ్ నుంచి వచ్చింది. నేనూ అక్కడే ఉన్నాను. డల్సీ టీపాట్ ఎత్తింది. అది జారి నేలమీద పడి ముక్కలైంది. ఆమె చేతులు రెండూ ఒళ్లో దాచేసుకుంది.

మెర్వ్ లేచి చీపురు తెచ్చాడు.

"దీనిమీద నాకు మొదటినుంచీ అనుమానమే. మన పెళ్లికి మీ మేనత్త ఇచ్చింది కదూ డల్సీ, దీనికీ ఆవిడ బుద్ధే వచ్చింది."

"నాన్నా, అది అమ్మ చేతుల..."

"కాదమ్మా. టీపాట్‌దే తప్పు. రేపు మీ అమ్మ ఇంకోదాంతో పోస్తుంది." అంత మెల్లగా ఆయన మాట్లాడగా నేనెప్పుడూ వినలేదు.

ఈ కుట్రల గొడవ డల్సీ చేతులు వణకడం మొదలైన ఏడాదే మొదలైందని నాకప్పుడు తట్టింది. రోండా ఆశ్రమం మాట ఎత్తకుండా బల్ల తుడవసాగింది.

ఆయన పెంకులు పారేయడానికి పెరట్లోకి వెళ్లగానే డల్సీ నా వైపు వంగింది.

"ఇదంతా నేను నమ్ముతున్నాననుకుంటాడు పాపం. చెప్పకు, చిన్నబుచ్చుకుంటాడు."

తర్వాత కిటికీ వైపు తిరిగి గొంతు పెంచింది.

"మెర్వ్, వచ్చాక ఆ చక్కెర డబ్బా సంగతి కూడా చూడు. ఇందాకట్నుంచి నన్ను అదోలా చూస్తోంది."